తాను అయిపోయింది

గుడ్డను చెక్క మీంచి విప్పినంత సులువు కాదు, మళ్ళీ చుట్టడం. బట్టల కొట్టుకొచ్చి కొనేవాళ్ళు అరలోంచి గుడ్డ తానులన్నీ దింపించి ఒక్క చొక్కా గుడ్డ కొని పోతే, మిగతావి ముడత పడకుండా చుట్టేది ఆమే. అమ్మితే భర్త అమ్మినట్టు, చుడితే ఎవరూ చుట్టనట్టు. "కొసరు లేనిదే బేరం లేదు, కోడలు లేనిదే ఇల్లు లేదు" అని అత్తగారి మాట. అది మెప్పో, ధర కట్టడమో ఆమెకు ఇన్నేళ్ళయినా తేలలేదు.

సినిమా చదువు చదివే ఆడపడుచు కలల మీద ఏదో తీస్తోంది. కథ ఉండదట, అర్థం అడగకూడదట. ఒక్క కల చెప్పు వదినా, మొహం చూపించను, చేతులే అంది. చేతులే కదా అని ఆమె గుడ్డ చుడుతూ చెప్పేసింది. కలలో ఆమే అరలో తాను. ఆయన దించి బల్ల మీద దొర్లించాడు. ఇంట్లోవాళ్ళు తలా ఇంత చింపించుకున్నారు.

తీరా చిన్న హాల్లో ఇంటిల్లిపాదీ కూర్చుని ఉండగా, తెర నిండా ఆమె చేతులు. గుడ్డ చిరిగే చప్పుడు. దాని మీద ఆమె గొంతు: "తాను అయిపోయింది. చెక్క మిగిలింది."

బట్టల కొట్టు తెలియని జనానికి తాను అంటే ఆమే. వెనక ఎవరో అయ్యో అన్నారు. ఆమెకు తల కొట్టేసినట్టయింది. చేతులు ఒళ్ళో దాచుకుంది.

ఇంటి గుట్టు లంకకు చేటని ఊరికే అన్నారా అని అత్తగారు దారంతా సణిగింది. మర్నాడు కొట్లో భర్త చెల్లెలికి ఫోను కలిపి ఆమె చేతికిచ్చాడు. "నిన్ను నేను చింపి అమ్ముకున్నానా? ఆ ముక్క తీసెయ్యమను."

తీసెయ్యాలనే ఆమెకూ ఉంది. సిగ్గు మాత్రం వేరే, కలను కాస్త మార్చి చెప్పినందుకు.

"తీసెయ్యనా వదినా?"

"ఉంచు. ఒకటి తప్పు చెప్పాను. ఆయన దించలేదు. నేనే దొర్లాను. రండి, కొసరు కూడా చింపుకోండి అని పిలిచింది నేనే. అదీ కలుపు."

"అదీ, అలా చెప్పు," అన్నాడు భర్త, భారం దిగినట్టు.

బల్లకు అవతల గుడ్డ కొలిపించుకున్నావిడ ఇంకో బెత్తెడు వెయ్యమంది. ఆయన తల ఊపాడు. ఆమె చెయ్యి అప్పటికే కొలత గుర్తు దాటి జరిగింది. ఆ చేతినే తెర మీద చూసింది ఆమె. వెనక్కి లాక్కుని, కత్తెర సరిగ్గా గుర్తు మీద పెట్టింది.

"కొసరు లేదండీ. తాను మిగలాలి."