మామగారి పేరున్న డిఫెండర్

"గోల్ పోతే పోయింది గానీ, మా కోడలు మామ పేరు మాత్రం నోట్లోంచి పోనివ్వలేదు," అంది అత్తగారు, చుట్టపుచూపుగా వచ్చిన చిన్నమామ వైపు చూసి గర్వంగా.

"ఈ కాలంలో ఇలాంటి పిల్లలెక్కడమ్మా! మా ఇంటికొచ్చిన కోడలూ ఉంది, ప్యాంటు తొడుక్కుని నా ఎదురుగానే తిరుగుతుంది," అన్నాడు చిన్నమామ కోడి తొడ కొరుకుతూ.

ఆ ముచ్చట కోసమే కోడిని కోశారు. కోడలి గౌరవార్థం కోసిన కోడికి ఈకలు పీకింది కోడలే. ముక్కలు కొట్టింది, ఉడకబెట్టింది, పక్కకి మొక్కజొన్న సంకటి గెలికింది, ఆకుకూర తరిగింది, అందరికీ వడ్డించింది. అందరూ లేచాక గిన్నె అడుగున మిగిలిన మెడముక్క తినేసి, ఆ గిన్నే తోముకుంది. ఇందులో ఎవరికీ వింతేమీ కనబడలేదు. లిసేబోకి కూడా గిన్నెకి బూడిద రాస్తున్నప్పుడు గానీ తట్టలేదు, ఇదంతా తనకి జరిగిన సన్మానమని.

సంగతి వారం కిందటిది. లిసేబో లెసోతో దేశపు ఆడవాళ్ళ జాతీయ జట్టుకి గోల్‌కీపర్. బోట్స్వానా వెళ్ళి ఆడిన మ్యాచ్‌లో డెబ్భై ఎనిమిదో నిమిషం దాకా ఇటూ సున్నా, అటూ సున్నా. అప్పుడు కుడివైపు నుంచి బంతి గాల్లోకి లేచింది. మన డిఫెండర్ వెనక సందులోకి వాళ్ళ తొమ్మిదో నంబరు పిల్ల చల్లగా చేరుకోవడం లిసేబో చూసింది. డిఫెండర్ చూడలేదు. గోల్‌కీపర్‌కి చేతులెంత ముఖ్యమో నోరూ అంత ముఖ్యం. మైదానం మొత్తం కనపడేది ఆమె ఒక్కదానికే కనక, చూసింది చూసినట్టు పేరు పెట్టి అరవాలి. "కననేలో, వెనకాల!" అంటే సరిపోయేది. ఆ డిఫెండర్ పేరు కననేలో. ఖర్మ కాలి లిసేబో మామగారి పేరు కూడా అదే. మగపిల్లలకీ ఆడపిల్లలకీ కూడా పెట్టుకునే పేరు. లిసేబో నోరు తెరిచింది. పేరు గొంతు దాకా వచ్చి అక్కడే కూర్చుంది. చివరికి "ఏయ్ పిల్లా, వెనకాల!" అని అరిచింది. అందరూ పిల్లలే కదా, నలుగురు వెనక్కి తిరిగారు, తిరగాల్సిన పిల్ల తప్ప. బంతి వలలో పడింది.

మర్నాడు రేడియోలో "మన గోల్‌కీపర్ నిద్రపోయింది" అన్నారు. వారం తిరిగేసరికి ఇంట్లో కోడిని కోశారు. రెండూ ఒక్క నిమిషం గురించే. వచ్చే ఆదివారం తిరుగు మ్యాచ్ ఇక్కడే, రాజధాని మసేరులో. ఆ ఒక్క గోల్‌తో ఓడారు కనక రెండు గోల్స్ తేడాతో గెలవాలి, లేకపోతే పోటీలోంచి తప్పుకుని మళ్ళీ రెండేళ్ళు ఊరికే కూర్చోవాలి. అప్పటికి లిసేబోకి ముప్ఫై ఒకటి వస్తాయి.

కోడలన్నాక మామ పేరు పలకదు. ఆయన ఎదుట తల మీద గుడ్డ తియ్యదు, ఆయన కుర్చీలో కూర్చోదు, ఆయనతో ముఖాముఖి మాట్లాడదు. ఇవన్నీ తెలిసే పెళ్ళి చేసుకుంది. కననేలో అంటే వాళ్ళ భాషలో మెచ్చుకోలు అని అర్థం కాబట్టి, ఈ అయిదేళ్ళలో ఆమె ఎవరినీ ఆ మాటతో మెచ్చుకోలేదు కూడా. జీన్స్ ప్యాంట్లు కుట్టే ఫ్యాక్టరీలో ఏడో లైనుకల్లా నువ్వే బాగా కుట్టావని సూపర్‌వైజర్ మెచ్చుకోలు పత్రం ఇస్తే, ఇంటికొచ్చి "ఏదో కాగితం ఇచ్చారు" అని చెప్పింది. "ఏం కాగితం? పనిలోంచి తీసేశారా?" అని మొగుడు కంగారుపడ్డాడు. అప్పుడు నవ్వుకుంది. ఇప్పుడు తలుచుకుంటే నవ్వు రావడం లేదు. ఒక మనిషి పేరుని మొయ్యడానికి ఇంకో మనిషి ఇన్ని మాటలు వదులుకోవాలా అని మొదటిసారి అనిపించింది. తన పేరు కోసం ఎవరు ఏం వదులుకున్నారు? పెళ్ళినాడు గొర్రెను కోసి, భుజాల మీద కొత్త దుప్పటి కప్పి, "ఇవాళ్టి నుంచి నీ పేరు మథాతో" అన్నారు. థాతో తల్లి అని. పుట్టబోయే బిడ్డకి ముందే పేరు పెట్టి, ఆ బిడ్డ తల్లిగా కోడలిని పిలుచుకుంటారు. అత్తగారూ అలాగే కొడుకు తేఫో పేరుతో మతేఫో అయింది. అయిదేళ్ళయింది, థాతో రాలేదు. "మథాతో, నీళ్ళు తెచ్చావా?" "మథాతో, దుప్పట్లు ఉతికావా?" పిలిచినప్పుడల్లా రాని బిడ్డ ఏదమ్మా అని అడిగినట్టే ఉంటుంది. "బంతిని పొట్టకేసి అదుముకుంటుంటే కడుపు ఎక్కడ నిలుస్తుంది?" అని అత్తగారు పక్కింటావిడతో అనడం కూడా విన్నది. లిసేబో అన్న పేరు ఇప్పుడు మైదానంలోనే బతికుంది. "లిసేబో, నీదే!" అని ఎవరైనా అరిస్తే ఆమెకి ఎక్కడలేని బలం వస్తుంది. తను మాత్రం ఆ డిఫెండర్‌ని "ఏయ్ పిల్లా" అంది.

మంగళవారం ప్రాక్టీసుకి వెళ్ళింది. వెళ్ళడమంటే, ఫ్యాక్టరీ నుంచి పొడుగు గౌనులోనే వచ్చి, స్టేడియం గోడ వెనక ఆ గౌను విప్పితే లోపల ట్రాక్ ప్యాంటు ఉంటుంది. తిరిగెళ్ళేటప్పుడు మళ్ళీ పైన గౌను. కోచ్ సెనాతె ఆమె గ్లవ్స్ తొడుక్కునేదాకా ఆగింది. పెళ్ళి చేసుకోని మనిషి, యాభై దాటినా ఇప్పటికీ పిల్లలతో సమానంగా పరిగెత్తుతుంది.

"ఇంట్లో కోడిని కోశారటగా?" అంది.

"మీకెవరు చెప్పారు?"

"మీ ఆయన చెప్పాడు. టాక్సీ స్టాండులో ప్రతివాడికీ చెప్పుకుంటున్నాడు. సరే, నేను మీ ఆచారానికి అడ్డం రాను. ఆ పిల్లని అయిదో నంబరని పిలువు."

గంటసేపు "అయిదూ! అయిదూ!" అని అరిచింది లిసేబో. ఒక్కసారి కూడా కననేలో సమయానికి తిరగలేదు. చివరికి ఆ పిల్లే చేతులు నడుం మీద పెట్టుకుని దగ్గరికొచ్చింది. పందొమ్మిదేళ్ళుంటాయి, కాలేజీ పిల్ల.

"లిసేబో అక్కా, అయిదు అంటే నా చెవికెక్కడం లేదే. మా అమ్మ నన్ను అంకె పెట్టి పెంచలేదు. పేరు పెట్టి పిలిస్తే నిద్రలో కూడా లేస్తాను. అలా అలవాటైపోయింది."

"నా వల్ల కాదమ్మా."

"మీ మామగారికి నా వల్ల ఏం నష్టం? ఆయన పేరు నేనేం దొంగిలించలేదుగా. మా తాత పెట్టాడు." తర్వాత గొంతు తగ్గించింది. "ఆ గోల్ నా తప్పేనని కాలేజీలో అందరూ అంటున్నారక్కా. నీకు ఇంట్లో కోడి అయినా దొరికింది."

ఆ మాట లిసేబోకి సూటిగా తగిలింది. తను మర్యాద కాపాడుకుంటే నింద ఈ పిల్ల నెత్తికి చుట్టుకుంది. అది ఆమెకి ఇంతవరకూ తోచనే లేదు.

కోచ్ ఇంక నాన్చలేదు. "శనివారం పొద్దున ఆఖరి ప్రాక్టీసు. అప్పటికి నీ నోట ఆ పేరు వస్తే ఆదివారం నువ్వు ఆడతావు. రాకపోతే రెండో కీపర్ ఆడుతుంది. ఆ పిల్ల చేతులు నీ చేతులంత మంచివి కావని నాకూ తెలుసు. కానీ దానికి నోరుంది."

ఇంటికెళ్ళే వ్యాను వెనక సీటులో కూర్చుని పెదాలు కదిపి చూసింది. క దాకా వచ్చింది. ముందు సీట్లో ముసలాయన ఎవరో దగ్గేసరికి నోరు మూసేసుకుంది. ఆయన మామగారు కూడా కాదు.

గురువారం మొగుడు తేఫోకి చెప్పింది. తేఫో వ్యాను నడుపుతాడు. బయట జాతీయ గోల్‌కీపర్ భర్త, ఆమె పాత జెర్సీ తొడుక్కుని తిరుగుతాడు. ఇంట్లోకి అడుగుపెట్టగానే అమ్మ కొడుకు. మనసు చెడ్డది కాదు. కాస్త ఆలోచించి తెలివైన ఉపాయమే చెప్పాడు.

"మ్యాచ్‌లో అరిచెయ్యి. ఆట వేడిలో నోరు జారిందని నేను అమ్మకి చెప్తాను. తర్వాత ఒక కోడిని కోసి నాన్నకి క్షమాపణ చెప్పుకుందాం. అయిపోతుంది. పామూ చావదు, కర్రా విరగదు."

"ఆ కోడికి ఈకలు ఎవరు పీకుతారు?"

"అదేం ప్రశ్న?" అన్నాడు తేఫో, నిజంగానే అర్థంకాక.

ఉపాయం బాగానే ఉంది. కోచ్ ఒప్పుకుంటుంది, అత్తగారు నాలుగు రోజులు మూతి ముడుచుకుని ఆనక ఊరుకుంటుంది. బట్టలుతుకుతూ, ఆరేస్తూ, ఇస్త్రీ చేస్తూ లిసేబో దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. ఎటు తిప్పినా ఒక చోట గుచ్చుకుంటోంది. జారిపోవడం ఆమె పనిలో తప్పు. చేతిలోంచి బంతి జారితే దేశమంతా తిడుతుంది. ఇప్పుడు ఆమె సరిగ్గా చెయ్యబోయే పనికి జారడమని పేరు పెట్టి, దానికి క్షమాపణ చెప్పి, ఆ క్షమాపణని తనే వండి వడ్డించాలి. ఆ తర్వాతి మ్యాచ్‌కి మళ్ళీ జారాలి, మళ్ళీ ఒక కోడి. పెళ్ళప్పుడు అమ్మ చెప్పిన మాట గుర్తొచ్చింది. "ఆడదాని సమాధి అత్తారింట్లోనే" అంది. సమాధి సరేనమ్మా, అప్పటిదాకా నేనెక్కడుండాలి అని అడగాల్సింది. అప్పుడు ఇరవై నాలుగేళ్ళు, అడగాలని తెలీదు. ఇంకో సంగతి కూడా తేలిపోయింది. ఇంట్లో రాని పేరు మైదానంలో రాదు. ఎనభై నిమిషాలు వచ్చి, అవసరమైన ఆ ఒక్క క్షణంలో మళ్ళీ గొంతులో కూర్చుంటుంది. నోటికి అలవాటు పుట్టిన చోటే ఆ అలవాటు తప్పాలి.

మామగారు చెడ్డవాడేం కాదు. ఇరవై ఏళ్ళు పరాయి దేశంలో బంగారు గనుల్లో పనిచేసి, పాడైపోయిన ఊపిరితిత్తులతో తిరిగొచ్చాడు. ఫుట్‌బాల్ అంటే ప్రాణం. బోట్స్వానా గోల్ కొట్టినప్పుడు రేడియో ముందు టోపీ నేలకేసి కొట్టాడని తేఫో చెప్పాడు. ఆ టోపీ తర్వాత ఉతికింది లిసేబోనే. కోడి కోసిన రోజున అందరూ ఆమె మర్యాదని పొగుడుతుంటే, ఆయన ఒక్కడే ఏమీ అనకుండా నమిలాడు. "ఆటలో పిలిస్తే పిలవనీ" అని ఒక్క మాట అంటే ఈ చిక్కంతా విడిపోయేది. అనలేదు. ఆయనకి అవసరం ఏముంది? ఆమె రెండడుగుల దూరంలో టీ పట్టుకుని నిలబడినా, లోపలున్న భార్యకి వినపడేలా "కోడలు టీ పెట్టిందేమో కనుక్కో" అంటాడు. అత్తగారు అక్కడి నుంచి "పెట్టావా?" అంటుంది. "పెట్టానమ్మా" అంటుంది లిసేబో. "పెట్టిందట" అంటుంది అత్తగారు. అయిదేళ్ళుగా ఆ ఇంట్లో టీ ఇలాగే చేతులు మారుతోంది.

శనివారం పొద్దున చలి గట్టిగా ఉంది. మామగారు ఎండలో కుర్చీ వేసుకుని, దుప్పటి కప్పుకుని, మోకాళ్ళ మీద రేడియో పెట్టుకున్నాడు. రేపటి మ్యాచ్ గురించి ఎవరో మాట్లాడుతున్నారు. అత్తగారు వాకిలి ఊడుస్తోంది. లిసేబో కప్పుని పళ్ళెంలో పెట్టి తీసుకెళ్ళింది. పెనాల్టీకి ఎదురుగా నిలబడినప్పుడు కూడా ఇంత భయం వెయ్యలేదు ఆమెకి. మోకాళ్ళ మీద కూర్చుంది, ఎప్పటిలాగే.

"కోడలు టీ..." అని మొదలుపెట్టాడు మామగారు.

"కననేలో గారూ, టీ తీసుకోండి," అంది లిసేబో.

వాకిట్లో చీపురు ఆగింది. మామగారు ఆమె వైపు చూశాడు. ఈ అయిదేళ్ళలో ఆయన ఆమె ముఖం నేరుగా చూడటం అదే మొదటిసారి కావచ్చు. కప్పు అందుకున్నాడు. ఒక గుక్క తాగాడు. చక్కెర సరిపోయిందన్నట్టు తలూపాడు. ఆకాశం విరిగి మీద పడలేదు. కోళ్ళు గింజలు ఏరుకుంటూనే ఉన్నాయి. ఇంత చిన్న మాటా అనుకుంది లిసేబో. నాలుక మీద దానికి బరువే లేదు. ఇంతకాలం దీన్ని మోసినందుకు తన మీద తనకే కోపం వచ్చింది, దానితోపాటే ధైర్యమూ వచ్చింది.

"ఇప్పుడు ప్రాక్టీసుకి వెళ్తున్నాను. రేపు మ్యాచ్ మూడింటికి. పొద్దున్నే వెళ్ళిపోతాను. రేపు వంట నేను చెయ్యను, కననేలో గారూ, మీరే ఎవరో ఒకరు చూసుకోవాలి," అంది.

అప్పుడు ఆగింది కప్పు. నోటికీ పళ్ళేనికీ మధ్య, గాల్లో. మామగారి కళ్ళు పెద్దవయ్యాయి. రేడియో కట్టేసి, వాకిలి వైపు తిరిగి, ఊపిరంతా కూడదీసుకుని కేకేశాడు.

"మతేఫో! విన్నావా? కోడలు రేపు వంట చెయ్యదట!"

పేరు సంగతి ఎత్తనే లేదు.