నేను లేననుకోండి

సుశీల్ కుమార్ జువ్వలదిన్నెకు వచ్చింది సముద్రంలో చేపల వేట నిషేధం ఉన్న రోజుల్లో. పడవలన్నీ ఒడ్డునే ఉన్నాయి. కథ, పాటలు ఏమీ లేకుండా ఒక ఊరి ఎండాకాలాన్ని ఉన్నదున్నట్టు సినిమాగా తీస్తానన్నాడు. జాలరి మునెయ్య ఇంటి ముందు తాటాకు పందిరికి ఎదురుగా కెమెరా నిలబెట్టి, "నేను లేననుకోండి. మీ పని మీరు చేసుకోండి," అన్నాడు. ఇంట్లోవాళ్లు మొదట సిగ్గుపడ్డారు. తర్వాత నిజంగానే అతణ్ణి మరిచిపోయారు.

వేట లేదు కాబట్టి మునెయ్య భార్య వనజాక్షి రొయ్యల గుంటల్లో కూలికి పోయేది. ఒకనాడు ఆమె తిరిగొచ్చేసరికి పందిరి కింద మంచంలో అత్త ఆదిశేషమ్మ ప్రాణం పోయి ఉంది. సుశీల్ అప్పటికే కెమెరా సర్దుకుని సముద్రం వైపు వెళ్లిపోయాడు. వడదెబ్బ అన్నారందరూ. రేవులో వల బాగుచేసుకుంటూ ఉండిపోయిన మునెయ్య మాత్రం ఒప్పుకోలేదు.

"ముసిల్దాన్ని ఒంటరిగా వదిలేసి పోయినావు. నువ్వే చంపినావు," అన్నాడు. ఆ ఏడాదంతా, కూరలో ఉప్పు తగ్గినా అదే మాట.

మరుసటి వేసవికి సినిమా పూర్తయింది. ముందు ఈ ఊరికే చూపిస్తానని సుశీల్ బడి గోడకు తెల్లగుడ్డ కట్టించాడు. పొద్దుగూకాక జనం చేరారు. ఇసుకలో పడవలు, కాకులు, వల అల్లే చేతులు కనిపిస్తుంటే పేర్లు పెట్టి అరుస్తూ నవ్వారు.

తర్వాత తెరమీదికి మునెయ్య ఇంటి పందిరి వచ్చింది. ఆదిశేషమ్మ మెల్లగా లేచి కూర్చుంది. "వనజా, నీళ్లు," అంది. ఎవరూ రాలేదు. తల తిప్పి సూటిగా కెమెరా వైపు చూసింది. "నాయనా, కాసిని నీళ్లు ఇయ్యి."

కెమెరా కదల్లేదు. ముసలామె చాచిన చెయ్యి కాసేపు అలాగే ఉండి వాలిపోయింది. ఒక కోడి మంచం కిందుగా నడిచి పోయింది.

వనజాక్షి లేచి నిలబడింది. "అయ్యా, మా అత్త అడిగింది నిన్నే గదా?"

"అవునక్కా," సుశీల్ గొంతు తగ్గింది. "నేను మధ్యలోకొస్తే సినిమా చెడిపోతుంది. చనిపోతుందనుకోలేదు. ఉత్త దాహమే అనుకున్నా."

"దాహమైతే ఇయ్యరా?"

అతను వెళ్లి బొమ్మ ఆపాడు.

"మళ్లీ అదంతా సినిమాలో ఎందుకు పెట్టినావు?"

"వేసవంతా అందులోనే ఉందనిపించింది. వద్దంటే తీసేస్తానక్కా."

"తీసెయ్యబాక. అందరినీ చూడనీ."

ఆమె మొగుడి వైపు తిరిగింది. ఇప్పుడైనా ఒక మాట అంటాడని చూసింది. మునెయ్య కళ్లు తుడుచుకుంటూ తెరనే చూస్తున్నాడు.

"సారూ, మా యమ్మ మాట్లాడింది ఇంకోసారి ఎయ్యండి," అన్నాడు.

సుశీల్ సినిమాను వెనక్కి తిప్పాడు. వనజాక్షి జనాన్ని తప్పించుకుంటూ ఇంటికి నడిచింది. పొయ్యి ముట్టించలేదు.

సినిమా అయ్యాక మునెయ్య వచ్చి చట్టి మూత తీసి చూశాడు.

"ఏమ్మే, వండలేదా?" అన్నాడు.