కళ్ళు దిద్దని గంగమ్మ

పోలిరాజు యార్డులోకి రావడం చూడగానే నూకాలు లేచి నిలబడింది. మిట్టమధ్యాహ్నం, మాడు పగిలే ఎండలో, బోటు ఓనరు చేపలు ఎండేసే చోటికి తనను వెతుక్కుంటూ ఎందుకు వస్తాడు? ఇంట్లో కూతురు మంచం మీంచి పడిపోయి ఉంటుంది. కుంచె పుల్ల విరిగి గొంతులో దిగి ఉంటుంది. చేతిలోని నెత్తళ్ళు టార్పాలిన్ మీదే వదిలేసింది.

"ఏటైంది తమ్ముడూ? నా గుంటకేటైంది?"

"గుంటకేటీ అవ్వనేదు. నువ్వు ముందు ఇంటికి రా అప్పా."

అవ్వలేదంటే నమ్మడం నూకాలుకు అలవాటు లేదు. అసలే వేట నిషేధం ఆఖరి రోజులు. చిన్న తెప్పల వాళ్ళు తెచ్చే నాలుగు గంపల నెత్తళ్ళే పని. మధ్యలో లేచిపోతే మూడు వందల యాభై కూలీలో సగం కోత. మేస్త్రి వెనకనుంచి ఏదో అరిచాడు. ఆమెకు వినిపించలేదు. పోలిరాజు వెనకే నడుస్తూ దారి పొడుగునా పిల్ల శవాన్ని ఒక్కో రకంగా చూసుకుంటూ వచ్చింది. ఏడుపు మాత్రం రాలేదు. ఇరవై ఆరేళ్ళుగా చూసి చూసి ఆ ఊట ఎండిపోయింది.

జాలరిపేట సందులో ఇంటి తలుపు బార్లా తెరిచి ఉంది. అప్పుడర్థమైంది.

సాయిదుర్గకు పుట్టినప్పటి నుంచీ చేతులూ కాళ్ళూ స్వాధీనంలో లేవు. మెడ ఒక్కటే ఆమె మాట వింటుంది. గుడ్డ చుట్టిన కుంచె పుల్లను పళ్ళ మధ్య బిగించి బొమ్మలు వేస్తుంది. బోట్ల కేబిన్లకు బిగించే ప్లైవుడ్ పలకల మీద గంగమ్మ. పలకకు మూడు వేలు. హార్బరులో చాలా బోట్ల మీద ఆమె వేసిన గంగమ్మే ఉంది. నోటితో వేస్తుందని మాత్రం ఆ బోట్ల వాళ్ళెవరికీ తెలీదు. ఎడమ చేతి వేళ్ళు రెండు ఆడతాయని, వాటితోనే వేస్తుందని నూకాలు చెప్పుకొచ్చింది. పని నడిచినంతసేపూ తలుపు మూసేది. ఎవరైనా అడిగితే, పోర్టు నుంచి గాలికి వచ్చే బొగ్గు దుమ్ము తడి రంగుకు అంటుకుంటుందనేది. అమ్మవారిని ఎంగిలి కుంచెతో వేశారని తెలిస్తే ఆ బోటు ఎక్కే మనిషి ఉండడని ఆమె భయం.

ఈవేళ కరెంటు పోయింది. ఊపిరాడక సాయిదుర్గే పక్కింటామెను కేకేసి తలుపు తీయించుకుంది. తన పలక ఎంతవరకు వచ్చిందో చూద్దామని పోలిరాజు సరిగ్గా అప్పుడే వచ్చాడు.

పిల్ల దిండ్లకు ఆనుకుని కూర్చుని ఉంది. బతికే ఉంది. గడ్డం మీద ఎర్ర రంగు. ఎదురుగా గంగమ్మ. చీర, నగలు, కాళ్ళ కింద కెరటాలు అన్నీ అయ్యాయి. కళ్ళు మాత్రం తెల్లగా ఉన్నాయి. అవి ఆఖరున దిద్దాలి.

పోలిరాజు గడప దాటలేదు. "ఇన్ని దినాలూ మోసం సేసినావప్పా," అన్నాడు. గొంతులో కోపం కన్నా భయమే ఎక్కువ. "ఎల్లుండి బోటు నీటిలోకి దించాల. తొమ్మిది మందిమి ఎల్తాం. ఎంగిలి బొమ్మెట్టుకుని సముద్రం మీదికి ఎలా ఎల్తాం సెప్పు?"

నూకాలు కొంగుతో పిల్ల గడ్డం మీది రంగు తుడవబోయింది.

"మావా," అంది సాయిదుర్గ. మాట నెమ్మదిగా, ముద్దగా వస్తుంది. "డ్రమ్ములోంచి టాంకీలోకి డీజిలు ఎలాగ ఎక్కిత్తావు?"

"పైపు ఎట్టి."

"పైపు ఎట్టి నోటితో లాగుతావు. మొన్న మూతంతా డీజిలు కంపుతో వొచ్చి మా యింట్లోనే నీళ్లడిగినావు. నీ బోటంతా నీ ఎంగిలి మీదే నడుత్తంది గదా."

బయట నిలబడ్డ పక్కింటామె ఫక్కున నవ్వింది. పోలిరాజుకీ నవ్వొచ్చింది కానీ మింగేశాడు.

"దీని నోరు సూడు! డీజిలూ గంగమ్మా ఒకటేటే?" అని నూకాలు వైపు తిరిగాడు. "ఇటు సూడప్పా. నాను ఎవులికీ సెప్పను, ఈ పక్కింటప్పా సెప్పదు. బోట్లకి నెంబర్లు రాసే అప్పలరాజుని అంపుతాను. పసుపు నీళ్లతో తుడిసి, ఆడి సేత్తో కళ్లు దిద్దుతాడు. బొమ్మ ఆడే ఏసినాడని సెప్పుకుందాం. నీ మూడేలూ నీకిత్తాను. ఇక మీదట గూడా దుర్గే ఎయ్యనీ. పేరు ఆడిది."

నూకాలుకు అది దేవుడు చూపించిన దారిలా కనిపించింది. పని పోదు. ఇంటి మీదికి ఎవరూ రారు. "అలాగే తమ్ముడూ, నీ దయ," అనేసింది.

"నాను ఒప్పుకోను," అంది సాయిదుర్గ.

"నోరు ముయ్యే!"

"మూసీసుకుంటే నాకింకేటున్నాదే అమ్మా? మెడ లాగేత్తన్నా ఆ మొకం నాను ఏసినాను. కళ్లూ నానే దిద్దుతాను, మావ సూత్తుండగానే. ఒద్దంటే పలక ఇక్కడే ఉంటాది. కుంచి అందియ్యి."

రేపు ఆ బోట్ల వాళ్ళంతా పలకలు పీక్కొచ్చి గుమ్మంలో పడేస్తారు. వీధి కుళాయి దగ్గర బిందె పెట్టనివ్వరు. తను పోతే ఈ పిల్లకు గుక్కెడు నీళ్ళు పట్టేవాళ్ళుండరు. నూకాలు అన్నీ ఒక్కొక్కటిగా తలుచుకుంది. రోజూ తలుచుకునేవే. ఈసారి ఏదీ తగల్లేదు. తిమ్మిరెక్కిన చేతిని గిల్లుకున్నట్టుంది.

సాయిదుర్గ నోరు తెరిచి ఉంచింది, అన్నం ముద్దకు తెరిచినట్టే.

నూకాలు ఆమె ఒళ్ళో పడి ఉన్న కుంచె పక్కన పెట్టి, సన్నది వెతికి తీసింది. నల్ల రంగులో ముంచి, డబ్బా అంచుకు రాసి, ఎక్కువైంది పోనిచ్చింది.

"అప్పా, ఒద్దు," అన్నాడు పోలిరాజు.

"ఉంటే ఉండు, ఎల్తే ఎల్లు తమ్ముడూ," అంది నూకాలు. తన గొంతు తనకే ఎవరిదోలా వినిపించింది. "ఎలుతురికి అడ్డం నిలబడకు."

కుంచెను కూతురి పళ్ళ మధ్య పెట్టి, పలకను కాస్త ముందుకు జరిపింది. సాయిదుర్గ మెడ సాచి ఆగింది. గంగమ్మ కుడికన్ను రావలసిన చోట పోలిరాజు నీడ పడి ఉంది. ఇంకా కదల్లేదు.