పాకం దించినాక వస్తా

కేసు పడితే మగాళ్ళంతా ఊరు వదిలి సరిహద్దు అవతల తమిళనాడులోని గుడియాత్తం పోవడం ఆ పల్లెలో తాతల నాటి అలవాటు. ముందస్తు బెయిలు వచ్చేదాకా అక్కడి చుట్టాల ఇళ్ళల్లో తలదాచుకుంటారు. తప్పు చేసినవాడూ పోతాడు, పక్కన నిలబడ్డవాడూ పోతాడు. ఆ అలవాటంటే కుప్పమ్మకు ఒళ్ళు మంట.

చెరుకుతోటకు నీళ్ళు కట్టే కాడ గొడవై, ఆమె మరిది చిన్నబ్బ కొడుకు ధనశేఖర్, పక్క పొలం యోగానంద భుజం మీద కొడవలితో కొట్టాడు. హత్యాయత్నం కేసు పెట్టారు. యోగానందను కదలకుండా పట్టుకున్నాడని కుప్పమ్మ కొడుకు మునిచంద్ర పేరు కూడా రాశారు. ధనశేఖర్ ఆ సాయంత్రమే సరిహద్దు దాటేశాడు.

"నువ్వు పట్టుకున్నావా?" కుప్పమ్మ కొడుకును ఒకే మాట అడిగింది.

"నీ మీదొట్టు అమ్మా, విడదీయను పోయినా."

"అట్లయితే యాడికీ పోవద్దు. గానుగ కాడ పని సూసుకో."

చిన్నబ్బ అంతెత్తున లేచాడు. "పిచ్చి పట్టిందా వదినా? బిడ్డను నీ చేత్తోనే జైలుకు పంపిస్తావా?"

"పారిపోతే మన మీద మనమే సాక్ష్యం చెప్పినట్టు కదబ్బా," అంది కుప్పమ్మ. పైకి అంత దర్జాగా అన్నదే గానీ, ఆ రోజు నుంచి ముద్ద సరిగా దిగలేదు. కొడుకు జైలుకు పోతే ఆ పాపం తనదే.

మునిచంద్ర, ధనశేఖర్ పెట్టుకున్న ముందస్తు బెయిలు అర్జీలు చిత్తూరు జిల్లా కోర్టులో ఒకే రోజు విచారణకు వచ్చాయి. వకీళ్ళు వేరు. కుప్పమ్మ, చిన్నబ్బ వెనక బెంచీ మీద ఎడమెడంగా కూర్చున్నారు. మునిచంద్ర బయట వరండాలో నిలబడ్డాడు.

"తీవ్రమైన నేరం. వీళ్ళకు తమిళనాడు అరగంట దూరం. బెయిలిస్తే ఈ మునిచంద్ర కూడా పారిపోతాడు," అన్నాడు ప్రభుత్వ వకీలు.

మునిచంద్ర తరఫు వకీలు ప్రసన్నకుమారి లేచి, "మీరు ఇన్‌స్పెక్టర్ గారినే అడగండి," అంది.

జడ్జి అడిగాడు. "మీరు పోయినప్పుడు ఇతను ఎక్కడ ఉన్నాడు?"

ఇన్‌స్పెక్టర్ కాస్త ఇబ్బందిగా నవ్వాడు. "బెల్లం వండతా ఉన్నాడు సార్. పాకం దించినాక వస్తానన్నాడు. గంటకు చెప్పినట్టే స్టేషన్‌కు వచ్చినాడు. పిలిచినప్పుడల్లా వస్తానే ఉండాడు."

హాల్లో నవ్వులు లేచాయి. కుప్పమ్మ మాత్రం నవ్వలేదు, బెంచీ అంచు గట్టిగా పట్టుకుంది.

"కేసు పెద్దదైనంత మాత్రాన ముందస్తు బెయిలు కాదనలేం," అన్నాడు జడ్జి. "ఇతను చేశాడంటున్నది ఏమిటి, పారిపోతాడా, సాక్షులను బెదిరిస్తాడా, కస్టడీలో పెట్టి రాబట్టాల్సింది ఏమన్నా ఉందా, ఇవి చూడాలి. పట్టుకున్నాడా, విడదీశాడా అన్నది విచారణలో తేలుతుంది."

మునిచంద్రకు ముందస్తు బెయిలు వచ్చింది. ప్రతి ఆదివారం స్టేషన్‌లో సంతకం పెట్టాలి, యోగానంద ఇంటివైపు పోకూడదు. ధనశేఖర్ అర్జీ కొట్టేశారు. కొట్టింది అతనేనంటున్నారు, కొడవలీ దొరకలేదు, మనిషీ దొరకలేదు.

వరండాలో కొడుకును చూడగానే కుప్పమ్మకు కళ్ళు నిండాయి. ఈ బిడ్డను కన్నది నేనేనని నలుగురినీ ఆపి చెప్పాలనిపించింది. "గర్వంగా ఉందా అమ్మా?" అంది ప్రసన్నకుమారి.

"ఉండదా మరి! ఉండాది," అంది కుప్పమ్మ మొహమాటం లేకుండా.

అంతలో చిన్నబ్బ వచ్చాడు. మొహంలో నెత్తురు చుక్క లేదు. "వదినా, మావాణ్ణి ఏం జేయమంటావు?"

మొన్న అతనన్న మాటలన్నీ ఆమె నాలుక చివరనే ఉన్నాయి. ఒక్కటీ అనలేదు.

"ఆ కొడవలి తీసుకోని రమ్మని ఫోన్ చెయ్యి. స్టేషన్ దాకా నేనూ తోడొస్తా."

చిన్నబ్బ ఫోన్ తీశాడు.

"ధనా, వచ్చెయ్ రా. మీ పెద్దమ్మ రమ్మంటా ఉండాది."