చారలపిల్లి ప్రయాణం

పిల్లి తన పిల్లల్ని ఏడిళ్ళు తిప్పుతుందంటారు. ఈ చారలపిల్లి మాత్రం నన్నే మా సెక్టారంతా తిప్పింది. వీధిలో మిగతా ఆడపిల్లులన్నిటినీ బోనులో పట్టి, పక్కనున్న దుర్గ్‌లో పశువుల డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళి, పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేయించి, మళ్ళీ ఇక్కడే వదిలాను. ఇదొక్కటే దొరకదు. ఈత మీద ఈత!

మా వీధి సంఘం కార్యదర్శి గురునాథరావు బాబాయిగారు, ఇక్కడి ఉక్కు ప్లాంటులో ఫోర్‌మన్‌గా రిటైరయ్యారు. "శనివారంలోగా దాని ఆపరేషన్ అయితే సరే. లేదంటే ఆదివారం వ్యాను పిలిచి అన్నిటినీ ఊరి బయట కుమ్హారి అవతల పారేయిస్తాను" అనేశారు. తెలియని చోట వదిలితే అవి కుక్కల పాలే. అంత పెద్దమనిషికి ఆ మాత్రం తెలీదా?

శనివారం పొద్దున్న ఎట్టకేలకు చిక్కింది మహాతల్లి. దానికెవరూ ఏమీ పెట్టకండి, మత్తుమందు ఇవ్వాలంటే కడుపు ఖాళీగా ఉండాలని వీధంతా తిరిగి చిలక్కి చెప్పినట్టు చెప్పాను. బోను గేటు దగ్గర పెట్టి, పర్సు కోసం లోపలికి వెళ్ళొచ్చాను, అంతే.

తీరా దుర్గ్‌లో సూది వెయ్యబోతుంటే భళుక్కున కక్కింది. తెల్లగా పెరుగు!

"మేడమ్, యే క్యా హై? మత్తులో కక్కుంటే ఊపిరాడక చచ్చేది" అని డాక్టరు నామీద విరుచుకుపడ్డాడు. రేపు సెలవు, సోమవారం తెమ్మన్నాడు.

పెరుగంటే ఇంకెవరు? మా వీధిలో ఎవరు పరీక్షకెళ్ళినా, ఆస్పత్రికెళ్ళినా, శుభమంటూ పెరుగూ పంచదారా గిన్నెతో బాబాయిగారు ఎదురవుతారు. ఇక్కడి హిందీవాళ్ళ ఆనవాయితీ అది. ఆయన ఎప్పుడో పట్టుకున్నారు, ఇక వదల్లేదు.

అరికాలి మంట నెత్తికెక్కింది. బోనుతోనే వాళ్ళ వరండాలో దిగాను.

"బాబాయిగారూ, దీనికి పెరుగు పెట్టారా?"

"రెండు చెంచాలేనమ్మా కుముదినీ. ఆడకూతురు, ఆపరేషన్‌కెల్తంది. నోట్లో ఏటీ ఎయ్యకుండా పంపీమంటావేటి?"

"రేపు పారేయించే పిల్లికి ఈవేళ శుభమా? ఆ పెరుగే దాని ప్రాణం తీసేది!"

ఆయన వంగి, బోనులోకి చూశారు. తర్వాత ఫోను తీశారు.

"భయ్యా, కల్ గాడీ మత్ భేజో. హమారీ బిల్లియాఁ యహీఁ రహేంగీ."

రేపు వ్యాను పంపొద్దట, పిల్లులు ఇక్కడే ఉంటాయట. పైగా హమారీ అట! నిన్నటిదాకా పీడలు, ఈవేళ మన పిల్లులు. నేను పట్టుకు వేలాడినన్నాళ్ళూ కరగని మనిషి రెండు చెంచాల పెరుగుకి కరిగాడు.

సోమవారం పొద్దున్న ముందుగా ఆయన గేటుకి బయటినుంచి గొళ్ళెం పెట్టి, అప్పుడు బోను ఆటోలో ఎక్కించాను. గేటు మీంచి చెంచా పట్టుకున్న చెయ్యి బయటికొచ్చింది.

"దానిక్కాదమ్మా, నీకు."

రాత్రంతా అది ఆకలికి అరుస్తుంటే నాకూ ముద్ద దిగలేదు. ఆయన మీద ఒళ్ళు మండుతూనే ఉంది. అలాగే నోరు తెరిచాను.