ఇంటి మీద పెడదాం

దుప్పట్లు ఇంకా తడిగానే ఉన్నాయి. అయినా నరెల్ క్లిప్పులు ఊడదీసి ఒక్కొక్కటే భుజాన వేసుకుంటోంది. కోతకి ముందు ఎండాకు కాలిపోవాలని రోడ్డుకి అవతల చెరకు తోటకి నిప్పు పెట్టారు. మంట కనబడడం లేదు గానీ చిటపటలు వినిపిస్తున్నాయి. ఇంకాసేపటికి మసి రేకులు రేకులుగా తేలుతూ వచ్చి ఊరంతా రాలుతుంది. ఆస్ట్రేలియాలోని ఈ ఆయర్ ఊళ్ళో దాన్ని నల్లమంచు అంటారు. చేత్తో తాకితే చాలు, పొడిపొడిగా విడిపోయి తెల్లబట్ట మీద మరక వదిలిపెడుతుంది. కోతలు మొదలైన జూన్ నుంచి క్రిస్మస్ దగ్గరపడేదాకా ఆ ఊరి ఆడవాళ్ళకి ఒక కన్ను పొయ్యి మీద ఉంటే ఇంకో కన్ను ఆకాశం మీద ఉంటుంది. మగవాళ్ళకి ఆ మసి అంటే చక్కెర మిల్లు నడుస్తోందని, జీతాలు వస్తాయని గుర్తు.

"నరెల్, షోనా ఐదింటికల్లా వచ్చేస్తుంది. టీలోకి ఏమైనా చేశావా?"

గార్త్ వరండా కమ్మీ మీద మోచేతులు ఆనించి అడిగాడు. చేతిలో బీరు సీసా ఉంది. వచ్చి ఒక దుప్పటి కొస పట్టుకోవాలని అతనికి తోచదు. పాతికేళ్ళుగా తోచలేదు. అందులో దురుద్దేశం ఏమీ లేదు. కొందరికి కొన్ని పనులు కంటికే ఆనవు, అంతే.

"గుమ్మడికాయ స్కోన్లు చేశాను. రొట్టెలు ఇంకా వేడిగానే ఉన్నాయి."

"ఆ మొహం కాస్త నవ్వుతూ పెట్టు మరి. ఆవిడ వచ్చేది సంతకాల కోసం. నీ సమాధికి కొలతలు తీసుకోడానికి కాదు." తన జోకుకి తనే నవ్వుకుని లోపలికి వెళ్ళిపోయాడు.

నరెల్ దుప్పట్లు మోసుకుంటూ వెనక మెట్లెక్కి, దోమతెర తలుపు మోచేత్తో తోసుకుని, నడవ చివరి చిన్న గదిలోకి వెళ్ళింది. గుమ్మం దగ్గర కాళ్ళు వాటంతటవే నెమ్మదించాయి. ఎప్పుడూ అంతే. లోపల ఎవరో పడుకున్నట్టు, చప్పుడైతే లేచిపోతారన్నట్టు.

నిజానికి ఆ గదిలో ఎవరూ లేరు. ఇస్త్రీ బల్ల, గార్త్ చేపల గాలాలు, పాత బట్టల పెట్టెలు ఉన్నాయి. గోడలకి మాత్రం వెన్నరంగు ఉంది. కొడుకు జారెడ్‌కి నాలుగేళ్ళున్నప్పుడు ఒక సెలవు రోజున నరెల్ తనే నిచ్చెనెక్కి వేసింది ఆ రంగు. రెండో బిడ్డ కోసం. ఆడపిల్ల అయితే మెరిన్ అని పేరు కూడా అనుకుంది, ఎవరికీ చెప్పకుండా. ఆ సాయంత్రం గార్త్ గోడలు చూసి, "బాగుంది గానీ, ముందు అప్పు కాస్త కిందికి దించుదాం లవ్. రెండేళ్ళు ఆగుదాం. నువ్వు పని మానేస్తే ఇంటి అప్పు ఎలా కడతాం?" అన్నాడు. నిజమే అనిపించింది. రెండేళ్ళు ఆగింది. తరవాత వడ్డీ పెరిగింది. తరవాత గార్త్‌కి మిల్లులో కొన్నాళ్ళు పని దొరకలేదు. తరవాత ఒకరోజు డాక్టరమ్మ కళ్ళజోడు తీసి, చాలా మర్యాదగా, ఇక ఆశ పెట్టుకోవద్దని చెప్పింది.

పుట్టని ఆ పిల్ల గదిలోకి ఎప్పుడు వచ్చిందో నరెల్‌కి తెలియదు. మొదట్లో మధ్యాహ్నం నిద్ర లేచిన పసిపిల్ల కదలికలా ఉండేది. కొన్నేళ్ళకి, జనవరిలో బళ్ళు తెరిచే ముందు కొట్లలో బడి బూట్లు పేర్చినప్పుడు, నరెల్ చేయి దానంతటదే ఒక చిన్న జత మీదికి పోయేది. ఇప్పుడు ఆ పిల్లకి పంతొమ్మిదేళ్ళు ఉండాలి. కిటికీ అద్దపు పలకల పక్కన మోకాళ్ళు పైకి ముడుచుకుని కూర్చుని బయటికి చూస్తుంటుంది. ఒక్క మాటా మాట్లాడదు. నరెల్ కూడా పలకరించదు. బట్టలు మడతపెట్టి, గాలాలు తగలకుండా జాగ్రత్తగా బయటికి వచ్చేస్తుంది. పిచ్చి అనుకుంటే పిచ్చే. కానీ ఆ ఇంట్లో లేనివాళ్ళు అదొక్కతే కాదు.

ఇంటి మీద పెడదాం. ఆ ఊళ్ళో అందరూ అనే మాటే. ఇంటి అప్పుకి నెలవారీ కట్టేదానికన్నా ఎక్కువ కడితే ఆ ఎక్కువ డబ్బు అక్కడే ఉంటుంది, కావాలంటే మళ్ళీ వెనక్కి తీసుకోవచ్చు. అది సరిపోకపోతే అప్పు కాస్త పెంచమని అడగొచ్చు. కారు అప్పు కన్నా, కార్డు అప్పు కన్నా ఇంటి అప్పుకే వడ్డీ తక్కువ. అందుకని మిల్లులో టీ వేళ మగవాళ్ళు ఒకరికొకరు ఇదే సలహా చెప్పుకుంటారు. బండి కొంటున్నావా, ఇంటి మీద పెట్టు. ఏసీ వేయిస్తున్నావా, ఇంటి మీద పెట్టు. ఇంతకన్నా చౌకగా డబ్బెక్కడ దొరుకుతుంది?

ఆ ఎక్కువ డబ్బు నరెల్‌ది. ముసలివాళ్ళ ఆశ్రమంలో ఆదివారాలూ పండగలూ పనిచేస్తే జీతం దాదాపు రెట్టింపు వచ్చేది. సూపర్‌వైజరు డ్యూటీలు వేసేటప్పుడు, "నీకు చంటిపిల్లలెవరూ లేరు కదమ్మా, క్రిస్మస్ నువ్వు చూసుకో, పిల్లల తల్లులు పాపం ఇంట్లో ఉంటారు" అనేది. నరెల్ సరే అనేది. ఎవరి తల్లినో తుడిచి, ఎవరి తండ్రికో పుడ్డింగు తినిపించి, వచ్చిన డబ్బు ఇంటి అప్పులో వేసేది. వేసిన కొన్నాళ్ళకి గార్త్ తీసేవాడు. "మన డబ్బేగా!" అనేవాడు. భోజనానికి స్నేహితులు వచ్చినప్పుడు పెరటి పొయ్యి మీద మాంసం ముక్కలు తిరగేస్తూ, "ఇల్లు నేను కడుతున్నా, కర్టెన్లు ఆవిడ కడుతోంది" అనేవాడు. అందరూ నవ్వేవారు. నరెల్ కూడా నవ్వి సలాడ్ గిన్నె అందించేది.

అలా కొన్న మొదటి బండి సముద్రపు గాలికి తుప్పుపట్టి ఎప్పుడో తుక్కు కింద పోయింది. పెరట్లో నేల మీద పెట్టించిన రేకు ఈతకొలను తుఫాను ఎత్తుకుపోయింది. దాని అంచు రేకు మూడో వీధిలో దొరికింది. బాలి ప్రయాణం గుర్తుగా ఒంటి మీద మిగిలిన ఎండరంగు నెల తిరక్కుండా దిగిపోయింది. అన్నీ పోయాయి గానీ ఏదీ తీరలేదు. అవన్నీ ఆ అప్పులోనే ఉన్నాయి. ప్రతి నెలా వచ్చి, భోజనాల బల్ల చుట్టూ కూర్చుని, తిని పోతున్నాయి.

ఆఖరికి అత్తగారు కూడా. ఈడ్నా బతికున్నన్నాళ్ళూ, "నా కొడుకు నీ నెత్తిన కప్పు వేశాడమ్మాయ్, అది మర్చిపోకు" అనేది. కూర మాడితే అనేది, జారెడ్‌కి జలుబు చేస్తే అనేది. ఆవిడ పోయినప్పుడు గార్త్ ఏడుస్తూ ఇత్తడి పిడుల శవపేటిక, గులాబీలు, బొమ్మ చెక్కిన సమాధి రాయి అన్నీ కావాలన్నాడు. అవీ ఇంటి మీదే పెట్టారు. వానాకాలం రేకు మీద చినుకులు టపటపమంటుంటే నరెల్‌కి నిద్రలో ఆ మాట వినిపించేది. నీ నెత్తిన కప్పు. నీ నెత్తిన కప్పు.

షోనా చెప్పిన వేళకే వచ్చింది. టౌన్స్‌విల్ నుంచి ఊరూరూ తిరిగి అప్పులు కుదిర్చిపెట్టే మనిషి. మాట తీరు మంచిది. వంటగది బల్ల మీద ల్యాప్‌టాప్ తెరిచి, స్కోను మీద వెన్న రాసుకుంటూ, "అబ్బ, మా అమ్మమ్మ చేసినట్టున్నాయి నరెల్. మీ చేతికి ఈ రుచి ఎక్కడిది?" అంది.

"ఆవిడకి ఇంకేం పనుంది?" అన్నాడు గార్త్ హుషారుగా. "ముందు కారవాన్ సంగతి చెప్పు. వచ్చే చలికాలానికి మేం రోడ్డు మీద ఉండాలి. ఆ బండిల్లు కారుకి తగిలించుకుని దేశమంతా ఒక చుట్టు చుట్టేస్తాం. బయానా కూడా ఇచ్చేశా."

బయానా ఇచ్చిన సంగతి నరెల్‌కి అప్పుడే తెలిసింది.

"చాలా తేలిక," అంది షోనా. "ఇప్పుడు మీకు లక్షా డెబ్బై వేల డాలర్ల అప్పు ఉంది, పదేళ్ళు కట్టాలి. దాన్ని మూసేసి, కారవాన్‌కి ఎనభై వేలు కలిపి, కొత్తగా ముప్పై ఏళ్ళకి రాయిస్తాం. నెలనెలా కట్టేది ఇప్పటికన్నా నాలుగు వందలు తగ్గుతుంది."

"విన్నావా?" గార్త్ బల్ల మీద చరిచాడు. "కారవాన్ వస్తుంది, పైగా కట్టేది తగ్గుతుంది! నేను చెబితే నమ్మవుగా. అందుకే ఆవిడ నోటితో చెప్పిస్తున్నా."

నరెల్ టీ కప్పుల కింద సాసర్లు సర్దింది. ఆమెకి నలభై తొమ్మిది నిండాయి. ముప్పై కలిపితే ఎంతవుతుందో లెక్క వేయాల్సిన పని లేదు. ఆశ్రమంలో ఆ వయసు వాళ్ళకి ఆమె రోజూ మేజోళ్ళు తొడుగుతోంది.

"మొత్తం ఎంత కడతాం?" అని అడిగింది.

"నెలకి పదిహేను వందలు."

"నెలకి కాదు. మొత్తం. ఆఖరి రోజు దాకా."

షోనా కొంచెం తటపటాయించింది. "అది కూడా ఇందులో ఉంటుంది. చాలామంది అడగరు." తెర ఇటు తిప్పింది. "ఐదు లక్షల నలభై వేలు. కానీ అలా చూడకూడదండీ. అలా చూస్తే ఎవరూ ఇల్లే కొనలేరు."

నరెల్ ఆ అంకె వైపు చాలాసేపు చూసింది. ఈ ఇల్లు కొన్నది లక్షా ఇరవై వేలకి. ఇప్పటికే దానికి రెండింతలు కట్టారు. ఇప్పుడు మళ్ళీ ఇంత.

"ఇందులో గార్త్ వాళ్ళమ్మ శవపేటిక ఉందా?"

"ఏంటి?" అంది షోనా.

"ఇత్తడి పిడులది. మంచి పెట్టె. ఇంటి మీదే పెట్టాం. ఇప్పుడు దాన్ని కూడా ఇంకో ముప్పై ఏళ్ళు మోస్తామా అని అడుగుతున్నాను. తుక్కైపోయిన బండి ఉందా? తుఫానులో పోయిన కొలను?"

"నరెల్, ఏంటే ఇది?" గార్త్ నవ్వబోయాడు. "ఎండదెబ్బ తగిలిందా? ఆవిడ ముందు పరువు తీయకు."

"పరువు తీయడం లేదు. అడుగుతున్నాను. పాతికేళ్ళుగా నేను అడగలేదు, నువ్వూ చెప్పలేదు." ఆమె గొంతు పెరగలేదు. ఆశ్రమంలో ముసలివాళ్ళ మంచం పక్క చేరి మాట్లాడే గొంతే అది. "చివరి గది ఇందులో ఎక్కడుంది షోనా? దానికేమైనా అంకె ఉందా?"

"చివరి గది ఎవరిది?" అని షోనా అడిగింది, ఏమనాలో తోచక.

"మెరిన్‌ది."

ఇంట్లో ఆ పేరు పైకి పలకడం అదే మొదటిసారి. గార్త్ బీరు సీసా మీద కాగితాన్ని గోటితో గీకుతూ ఆగిపోయాడు.

"మెరిన్ ఎవరు?"

"రెండేళ్ళు ఆగుదామన్నావు చూడు, ఆ పిల్ల."

గార్త్ మెడ ఎర్రబడింది. "అదంతా ఇప్పుడెందుకు? అప్పుడు మనిద్దరం అనుకునే కదా. ఇంటి కోసమే కదా."

"అవును. ఇంటి కోసమే. ధర అడక్కుండా కొనేశాం." నరెల్ తన ముందున్న కాగితాలు దొంతిగా సర్ది షోనా వైపు జరిపింది. "నేను సంతకం పెట్టను. ఉన్న పదేళ్ళూ నా వంతు నేను కడతాను. నీ చేపల పడవ అమ్మి అప్పులో వేద్దాం. ఆదివారాలు ఇక పనికి వెళ్ళను. ఇంకొకటి, ఇక మీద ఆ అప్పులోంచి డబ్బు వెనక్కి తీయాలంటే మా ఇద్దరి సంతకాలూ ఉండాలి. అలా చేయొచ్చా?"

షోనా గార్త్ వైపు చూడకుండా, "చేయొచ్చు," అంది మెల్లగా. "మీరొక్కరు అడిగినా చాలు." సంచీ సర్దుకుని, స్కోన్లకి థాంక్స్ చెప్పి, తలుపు దాకా వెళ్ళి, నరెల్ భుజం మీద చేయి వేసి వెళ్ళిపోయింది.

కారు చప్పుడు దూరమయ్యాక గార్త్, "బయానా పోతుంది తెలుసా? మిల్లులో అందరికీ చెప్పుకున్నా," అన్నాడు. అందులో కోపం కన్నా బిత్తరపోవడమే ఎక్కువ ఉంది. "మా అమ్మని కూడా మధ్యలోకి లాగావు."

"ఆవిడని నేను లాగలేదు గార్త్. ఆవిడ ఇక్కడే ఉంది. అందరూ ఇక్కడే ఉన్నారు."

అప్పుడే నడవ చివర గది తలుపు కిర్రుమంది. తరవాత అడుగులు. బరువు లేనివి, తొందర లేనివి. వెనక దోమతెర తలుపు తెరుచుకుంది, స్ప్రింగు పూర్తిగా సాగేదాకా ఆగి, మెల్లగా మూసుకుంది.

"గాలి," అన్నాడు గార్త్, తల ఎత్తకుండా.

గాలి లేదు. నరెల్ లేచి సింకు ముందున్న కిటికీ దగ్గరికి వెళ్ళింది. నల్లమంచు అటూ ఇటూ ఊగకుండా నిటారుగా రాలుతోంది. పెరట్లో ఖాళీ దండెం నిలబడి ఉంది. ఆ పిల్ల గడ్డి దాటి నడుస్తోంది. దండెం తీగ దగ్గరికి వచ్చేసరికి తల కొద్దిగా వంచింది. అంత పొడుగైంది. నరెల్ ఆమెని నిలబడి ఉండగా ఎప్పుడూ చూడలేదు. ఆ పిల్ల గేటు దగ్గర ఆగలేదు, వెనక్కి తిరగలేదు, వెళ్ళొస్తానని కూడా అనలేదు.