బ్రేకు లేని సీటు

అసిరినాయుడు నడపవలసిన బస్సును ఇంకెవరో నడుపుతున్నారు, అతనేమో రెండో వరుసలో కిటికీ పక్కన కూర్చుని ఉన్నాడు, అతని పక్కన నూకరత్నం, పోయి పద్నాలుగు నెలలైన భార్య, వేరుశనక్కాయలు ఒలుస్తూ తొక్కలన్నీ అతని ఖాకీ చొక్కా జేబులో వేస్తోంది. బయట అరకు ఘాట్ రోడ్డు; ఒక మలుపు తిరిగితే సముద్రం, ఇంకో మలుపు తిరిగితే విజయనగరం బస్ కాంప్లెక్స్, అయినా ఎవరికీ వింతగా లేదు. మలుపు వచ్చినప్పుడల్లా అతని కుడికాలు నేలను గట్టిగా తొక్కుతోంది.

"తీసీండి కాలు. ఇది మీ బండి కాదు," అంటోంది ఆమె, అప్పట్లాగే మోకాలి మీద చెయ్యి వేసి.

ఆ చేతి వెచ్చదనానికి అతని గుండె నీరైపోతోంది. కూతురు హైమ పూరీకి టికెట్లు తీసిన సంగతీ, తాను రానని నిన్న ఫోన్‌లో దాన్ని కసురుకున్న సంగతీ దాచాలనుకుంటాడు గాని, కలలో నోరు మాట వినదు కదా, అంతా చెప్పేస్తాడు.

"పూరీ నీకు సూపిస్తానన్నాను. వచ్చే ఏడు, వచ్చే ఏడు అంటానే ఉన్నాను. ఇప్పుడు నువ్వు నేకుండా ఎలాగెల్తానే?"

ఆమె అలగదు, ఏడవదు, నవ్వుతుంది. "ముప్పయ్యేళ్లు బండి తోలారు కదా. అందులో ఒక్క రోజు సెప్పండి, పొద్దున్నించి సాయంత్రం దాకా."

ఎంత తడుముకున్నా దొరకదు. పార్వతీపురం, సాలూరు, మళ్లీ పార్వతీపురం. అన్నీ కలిసి ఒకటే రోజై కూర్చున్నాయి.

"మరి మనం మూడు రోజులు ఎల్లొచ్చిన అరకు?"

"బొర్రా గుహల మెట్ల కాడ నీ చెప్పు తెగిపోనాది. నా డ్యూటీ బూట్లు ఏసుకుని టకటకా నడిసినావు, అందరూ ఒకటే నవ్వు. రెండోనాడు వాన. ఉన్న ఒక్క తువ్వాలుతో ఇద్దరం తలలు తుడుసుకున్నాం..." ఆపకుండా చెప్పుకుపోతున్నాడు, ఆ మూడు రోజులూ, గంట గంటా.

"సూసారా, నన్ను ఎతుక్కోడానికి ఆ మూడు రోజుల్లోకే వస్తన్నారు," అంటూ నూకరత్నం ఆఖరి గింజ అతని అరచేతిలో పెడుతుంది. "రేపు మిమ్మల్ని ఎతుక్కోడానికి పిల్ల ఎక్కడికెల్లాల? డిపోకా?"

బస్సు పెద్ద మలుపు తిరుగుతోంది, ఆమె లేచి దిగబోతోంది, ఆపాలని అతను ఉన్న బలమంతా పెట్టి తొక్కుతాడు.

మెలకువ వచ్చేసరికి తెల్లవారింది. కళ్లు తుడుచుకుని హైమకు ఫోన్ చేశాడు.

"పూరీ వస్తానమ్మా. కిటికీ పక్క సీటు నాకుంచు."

"నిజంగానా నానా?" అంది హైమ.

అప్పుడు చూసుకున్నాడు. కుడికాలు ఇంకా మంచం పట్టెను తొక్కిపట్టే ఉంది. నెమ్మదిగా తీశాడు.